నిలవ మాంసం డబ్బా ధరను నిర్ణయించేది ఎవరు?

ప్రపంచ విపణిలో మాంసం ధరలు 2025లో మున్నెన్నడూ లేని ఎత్తుకు చేరాయి. 2014–16 సంవత్సరాల సగటును 100గా తీసుకొని ఐక్యరాజ్యసమితి ఆహార వ్యవసాయ సంస్థ లెక్కించే మాంసం ధరల సూచిక 2025 జూలైలో 127 దాటి, అప్పటి వరకు ఉన్న అంకెలన్నింటినీ మించిపోయింది. ఈ పెరుగుదలలో ప్రధాన భాగం గొడ్డు మాంసానిది, గొర్రె మాంసానిది. బ్రిటన్‌లో 2025 ఆగస్టుతో ముగిసిన 12 నెలలలో గొడ్డు మాంసం చిల్లర ధర దాదాపు నాలుగో వంతు పెరిగింది. తాజా మాంసం కొనే స్తోమత లేని ఇళ్ళవారు నూటయాభై ఏళ్ళుగా ఆశ్రయించిన నిలవ మాంసం డబ్బా కూడ ఈ పెరుగుదలను తప్పించుకోలేదు.

రైల్వేలలోను, తపాలా శాఖలోను పనిచేసే మన సభ్యులకు ఈ విషయంతో ఏమి పని అని కొందరు మిత్రులు అడుగవచ్చు. మన సభ్యులలో ఈ మాంసం తినేవారు ఉన్నారు, ముట్టనివారు ఉన్నారు. ఆ చర్చ ఇక్కడ అప్రస్తుతం. మన దేశపు దిగుమతి విధానం ప్రకారం గొడ్డు మాంసం ఏ రూపంలోను దిగుమతి కారాదు. కావున ఈ డబ్బా మన బజారులో దొరికే సరుకే కాదు. అయినను దీని చరిత్రను మనం తెలుసుకోవలసిన అవసరం ఉన్నది. పచ్చికబయలు నుండి పళ్ళెం దాకా ఒక సరుకు ధర ఎక్కడెక్కడ పెరుగుతుందో, ఆ పెరుగుదల ఎవరి చేతిలో పడుతుందో ఇంత స్పష్టంగా చూపించే సరుకులు అరుదు. ధరల సూచికపై తమ కరువు భత్యం ఆధారపడి ఉన్న ప్రతి ఉద్యోగికి ఈ పాఠం అక్కరకు వస్తుంది.

శ్రామికుని కొరకు పుట్టిన సరుకు

ఆహారాన్ని గాజు పాత్రలలో మూసి, వేడిచేసి నిలవ ఉంచే విధానాన్ని ఫ్రాన్సులో నికొలా అపేర్ 1810లో గ్రంథరూపంలో వెల్లడించాడు. అదే సంవత్సరం బ్రిటన్‌లో పీటర్ డ్యూరాండ్ తగరపు పూత వేసిన రేకు డబ్బాకు పేటెంటు పొందాడు. మొదట కొన్నది నౌకాదళం, సైన్యం. తరువాత అది గని కార్మికుని ఇంటికి, మిల్లు కార్మికుని ఇంటికి చేరింది.

అంత మాంసం ఎక్కడ నుండి రావాలి? దక్షిణ అమెరికాలో, ఉరుగ్వే పచ్చికబయళ్ళలో, ఆనాడు పశువును చంపేది తోలు కొరకు, కొవ్వు కొరకు. మాంసానికి అక్కడ విలువ లేదు. ఆ చౌక మాంసాన్ని మరిగించి సారం తీసి ఐరోపాకు పంపడానికి 1865లో లండన్‌లో లీబిగ్ కంపెనీ ఏర్పడింది. దాని కర్మాగారం ఉరుగ్వే నది ఒడ్డున ఫ్రే బెంటోస్ అనే ఊరిలో వెలిసింది. సారంతో పాటు ఉప్పులో ఊరవేసి ఉడికించిన మాంసం డబ్బాలు కూడ తయారయ్యాయి. దీనినే ‘కార్న్‌డ్ బీఫ్’ అంటారు. ఇక్కడ ‘కార్న్’ అనగా మొక్కజొన్న కాదు, రాళ్ళ ఉప్పు. ఒక వైపు వెడల్పుగా, మరొక వైపు సన్నగా ఉండే ఆ డబ్బా ఆకారానికి 1875లో చికాగోలో పేటెంటు ఇచ్చారు. మాంసం ముద్ద విరగకుండా ఒకే గడ్డగా జారి బయటికి రావడానికే ఆ ఆకారం. నేటికీ అదే ఆకారం కొనసాగుతున్నది.

ఫ్రే బెంటోస్‌లో యాభైకి పైగా దేశాల నుండి వలస వచ్చిన కార్మికులు పనిచేశారు. ఆ ఊరి పేరే బ్రిటిష్ ఇళ్ళలో డబ్బా మాంసానికి మారుపేరైంది. ఆ కర్మాగారం 1979లో మూతపడింది. 2015లో యునెస్కో దానిని ప్రపంచ వారసత్వ స్థలంగా గుర్తించింది. కార్మికుల పని పోయింది, యంత్రాలు ప్రదర్శనశాలకు చేరాయి.

పెట్టెలలో దాచిన లెక్కలు

1933లో అర్జెంటీనా, బ్రిటన్‌ల మధ్య రోకా–రన్సిమన్ ఒప్పందం కుదిరింది. బ్రిటన్ కొనే మాంసపు కోటాలో 85 శాతం విదేశీ కంపెనీల చేతికి పోయింది. అర్జెంటీనా సంస్థలకు మిగిలింది 15 శాతం. పశువును పెంచేవాడికి ఇచ్చే ధర పడిపోతున్నది, కంపెనీల లాభం మాత్రం తగ్గడం లేదు. ఇది ఎట్లా సాధ్యమని సెనేటు సభ్యుడు లిసాండ్రో డి లా టోర్రే ప్రశ్నించాడు. సెనేటు విచారణ సంఘాన్ని నియమించింది. ఉత్పత్తి ఖర్చుల లెక్కలు చూపమని ఆ సంఘం కంపెనీలను కోరింది. ఆంగ్లో అనే బ్రిటిష్ కంపెనీ చూపలేదు. చివరకు ఆ లెక్కల కాగితాలు ఓడలో దొరికాయి. దేశం దాటించడానికి వాటిని పెట్టెలలో పెట్టి, పైన ‘కార్న్‌డ్ బీఫ్’ అని ముద్ర వేశారు.

ధర ఎట్లా ఏర్పడుతున్నదో ప్రజలకు తెలియకుండా ఉంచడానికి మాంసం డబ్బాల పెట్టెనే మరుగుగా వాడుకున్నారు. ఈ ఒక్క సంఘటన పది గ్రంథాల పెట్టు. విచారణ ఫలితాలపై చర్చ జరుగుతుండగా, 1935 జూలై 23న సెనేటు సభామందిరంలోనే డి లా టోర్రే పై పేల్చిన తూటాలకు ఆయన సహచరుడు ఎన్సో బోర్దబెహెరె బలి అయ్యాడు. జమాఖర్చులు అడిగినందుకు చెల్లించిన మూల్యం అది.

పశువులను పచ్చికబయళ్ళ నుండి కర్మాగారాలకు, మాంసాన్ని రేవులకు మోసినది రైలు. అర్జెంటీనాలో ఆ రైలు మార్గాలు చాలవరకు బ్రిటిష్ కంపెనీల సొత్తు. 1948లో గాని అవి జాతీయం కాలేదు. రవాణా చార్జీ కూడ ఆ మాంసం ధరలో ఒక భాగమే. అది ఎంత ఉండాలో నిర్ణయించినది పశువును పెంచినవాడు కాదు, తిన్నవాడు కాదు, రైలు నడిపిన కార్మికుడు అసలే కాదు.

పచ్చికబయలు నుండి కొట్టు దాకా ఒకే యజమాని

ఫ్రే బెంటోస్ కర్మాగారం 1924లో వెస్టీ కుటుంబం చేతికి వచ్చింది. పైన చెప్పిన ఆంగ్లో కంపెనీ కూడ ఈ కుటుంబానిదే. ఈ కుటుంబానికి పశువుల క్షేత్రాలు ఉన్నాయి, కబేళాలు ఉన్నాయి, బ్లూ స్టార్ ఓడలు ఉన్నాయి, శీతల గిడ్డంగులు ఉన్నాయి, బ్రిటన్ అంతటా డ్యూహర్స్ట్ పేరుతో మాంసపు కొట్లు ఉన్నాయి. సరుకు ఒక చేతి నుండి మరొక చేతికి మారినట్లు లెక్కలలో కనబడుతుంది. నిజానికి రెండు చేతులూ ఒకే మనిషివి. అటువంటప్పుడు లాభాన్ని ఏ దేశంలో చూపాలో, నష్టాన్ని ఏ దేశంలో చూపాలో యజమాని ఇష్టం. డ్యూహర్స్ట్ కొట్లు 1978లో 20 లక్షల పౌన్లకు మించిన లాభంపై కేవలం 10 పౌన్ల పన్ను చెల్లించాయని 1980లో లండన్ పత్రిక సండే టైమ్స్ బయటపెట్టింది. అది చట్టవిరుద్ధం కూడ కాదు! ఆ కొట్టులో మాంసం కోసే కార్మికుడు తన జీతంపై అంతకంటె ఎక్కువే పన్ను కట్టి ఉంటాడు.

ఆస్ట్రేలియా ఉత్తర భూభాగంలో ఇదే కుటుంబానికి చెందిన వేవ్ హిల్ పశుక్షేత్రంలో గురింజి ఆదివాసులు పనిచేసేవారు. భూమి వారిది, శ్రమ వారిది, వేతనం మాత్రం తెల్ల కార్మికునికి ఇచ్చే దానిలో స్వల్ప భాగం. 1966 ఆగస్టులో విన్సెంట్ లింగియారి నాయకత్వంలో దాదాపు 200 మంది స్త్రీపురుషులు పని మాని బయటికి నడిచారు. వేతనం కొరకు మొదలైన సమ్మె భూమి కొరకు పోరాటంగా మారి, తొమ్మిదేళ్ళు సాగింది. 1975 ఆగస్టు 16న ప్రధాని విట్‌లం లింగియారి అరచేతిలో మట్టి పోసి, వారి భూమిలో కొంత భాగాన్ని వారికి అప్పగించాడు. డబ్బా మాంసపు చౌక ధర వెనుక ఎవరి వేతనం కోత పడిందో ఆ తొమ్మిదేళ్ళ సమ్మె లోకానికి తెలిపింది.

రోగం, వేడి, సుంకం

డబ్బా మాంసం దిగుమతులు ఒకప్పుడు పెరగడానికి, మరొకప్పుడు తగ్గడానికి కారణాలేమిటి? మొదటి కారణం గాలికుంటు వ్యాధి. ఈ వ్యాధి ఉన్న దేశం నుండి పచ్చి మాంసం కొంటే వ్యాధి కూడ వెంట వస్తుందన్న భయంతో అమెరికా 1930 సుంకాల చట్టం ద్వారా అటువంటి దిగుమతులను నిషేధించింది. అయితే డబ్బాలో మూసి బాగుగా ఉడికించిన మాంసంలో ఆ వ్యాధిక్రిమి బ్రతుకదు. కావున పచ్చి మాంసానికి మూసిన తలుపు డబ్బా మాంసానికి తెరిచే ఉన్నది. 1939లో అధ్యక్షుడు రూజ్వెల్టు తన నౌకాదళానికి అర్జెంటీనా డబ్బా మాంసం కొన్నప్పుడు స్వదేశీ పశుపోషకులు గగ్గోలు పెట్టారు. సుంకం కలుపుకొన్నా అదే చౌక అని ప్రభుత్వం సమాధానమిచ్చింది.

రెండవ కారణం ప్రజారోగ్యం. 1964లో స్కాట్లండులోని ఆబర్డీన్ నగరంలో 500 మందికి పైగా టైఫాయిడ్ సోకింది. అర్జెంటీనా నుండి వచ్చిన ఒక మాంసం డబ్బా దానికి మూలమని విచారణలో తేలింది. ఉడికించిన డబ్బాను చల్లార్చడానికి శుద్ధి చేయని నది నీరు వాడడం, ఆ నీరు అతుకులోని సన్నని రంధ్రం గుండా లోపలికి పోవడం, తెరచిన మాంసాన్ని కొట్టులో యంత్రంపై ముక్కలు కోయగా ఇతర మాంసాలకు కూడ అంటుకోవడం దాని క్రమం. అంతకు ముందే, 1963లో, హార్లో మున్నగు బ్రిటిష్ పట్టణాలలో ఇటువంటి కేసులే కనబడ్డాయి. హెచ్చరిక అందినా సరుకు కొట్లలోనే ఉండిపోయింది. 2010లో బ్రెజిల్ నుండి అమెరికాకు వచ్చిన ఉడికించిన మాంసంలో ఐవర్‌మెక్టిన్ అనే పశువుల మందు అవశేషాలు హద్దు మీరి కనబడినందున కొన్ని నెలలు ఆ ఎగుమతులు నిలిచిపోయాయి. ఇటువంటి ప్రతి సందర్భంలోను నష్టం మొదట తగిలేది ఆ ఫ్యాక్టరీ గేటు దగ్గర నిలబడిన కూలీకి.

మూడవ కారణం సుంకం. 1973లో బ్రిటన్ ఐరోపా ఆర్థిక సమాజంలో చేరడంతో దక్షిణ అమెరికా మాంసానికి పాత విపణి ఇరుకైంది. ఇటీవలి ఉదాహరణ చూడండి. 2025 ఆగస్టులో అమెరికా బ్రెజిల్ సరుకులపై సుంకాన్ని 50 శాతానికి పెంచింది. అందుకు చూపిన ప్రధాన కారణం ఆర్థికం కాదు, ఆ దేశపు మాజీ అధ్యక్షునిపై నడుస్తున్న కేసు. స్వదేశంలో మాంసం ధర మండిపోతుండగా నవంబరులో గొడ్డు మాంసానికి, కాఫీకి ఆ అదనపు సుంకం తొలగించింది. మూడు నెలలు సుంకం కట్టినది బ్రెజిల్ అని నాయకులు చెప్పారు. కొట్టు దగ్గర డబ్బు తీసి ఇచ్చినది అమెరికా గృహిణి.

నేటి పెరుగుదల వెనుక ఉన్న నిజాలు

కొరత కల్పితమా? పూర్తిగా కాదు. నిజాన్ని నిజంగా చెప్పుకోవాలి. ఏళ్ళ తరబడి సాగిన కరువు వలన అమెరికా రైతులు మేత లేక పశువులను తెగనమ్ముకున్నారు. 2025 జనవరి 1 నాటికి అక్కడి పశువుల సంఖ్య 8 కోట్ల 67 లక్షలు. 1951 తరువాత ఇంత తక్కువ ఎన్నడూ లేదు. మందను తిరిగి పెంచాలంటే పెయ్యలను కబేళాకు పంపకుండా ఆపుకోవాలి. అనగా కొన్నేళ్ళ పాటు సరఫరా ఇంకా తగ్గుతుంది. పశువుల శరీరాన్ని తొలిచే ఒక జాతి ఈగ పురుగు భయంతో 2025లో మెక్సికో నుండి వచ్చే పశువులకు కూడ అమెరికా సరిహద్దు మూసింది.

డబ్బా మాంసానికి వాడేది మేలైన కోత కాదు. ముసలి ఆవుల మాంసం, ముందు భాగపు మాంసం, కోతలో మిగిలే చిన్న ముక్కలు. ఇదే మాంసం కైమాగా హాంబర్గర్లలోకి పోతుంది. కైమాకు గిరాకీ పెరిగితే ఆ ముక్కలను ఉడికించి డబ్బాలో పెట్టడం కంటె గడ్డకట్టించి ఓడ ఎక్కించడమే కంపెనీకి లాభం. 2025 మే నెలలో ప్రపంచ పశు ఆరోగ్య సంస్థ బ్రెజిల్‌ను టీకా అవసరం లేకుండానే గాలికుంటు రహిత దేశంగా గుర్తించింది. పచ్చి మాంసానికి తలుపులు తెరుచుకున్నకొద్దీ డబ్బా మాంసానికి మిగిలే ముడిసరుకు తగ్గుతుంది, ధర పెరుగుతుంది. పైగా 2025 జూన్ నుండి అమెరికా ఉక్కుపై వేసిన 50 శాతం సుంకం డబ్బా రేకుకు కూడ వర్తించింది. ఈ విధంగా పేదవాని సరుకు ధనికుని సరుకు కంటె వేగంగా ప్రియమయ్యే ప్రమాదం ఏర్పడింది.

కొరత నిజమే కావచ్చు. ఆ కొరత భారం ఎవరిపై పడుతున్నదన్నదే అసలు ప్రశ్న. అమెరికాలో మాంసానికై మేపిన పశువులలో దాదాపు 85 శాతాన్ని కొని కోసేవి నాలుగే కంపెనీలు. ఒకనాటి చికాగో దిగ్గజం స్విఫ్ట్ 2007లో బ్రెజిల్ కంపెనీ జె.బి.ఎస్. చేతికి వచ్చింది. పేర్లు మారాయి, గుత్తాధిపత్యం మారలేదు. ధరలపై కుమ్మక్కయ్యారన్న వ్యాజ్యాలలో ఈ కంపెనీలు కొన్ని కోట్ల డాలర్లు చెల్లించి, తప్పు ఒప్పుకోకుండానే రాజీ చేసుకున్నాయి. 2025 నవంబరులో అమెరికా ప్రభుత్వమే వాటిపై విచారణకు ఆదేశించింది.

పశువులు పుష్కలంగా ఉన్న 2020–21లో ఈ కంపెనీలు రైతుకు తక్కువ ఇచ్చి, కొనేవాని దగ్గర ఎక్కువ తీసుకొని భారీ లాభాలు గడించాయి. ఆ కాలంలోనే కోవిడ్ వ్యాపిస్తుండగా మాంసం ఫ్యాక్టరీలు మూయరాదని 2020 ఏప్రిల్‌లో అధ్యక్షుని ఉత్తర్వు వెలువడింది. అయిదు పెద్ద కంపెనీలలో కనీసం 59,000 మంది కార్మికులకు వ్యాధి సోకినదని, 269 మంది మరణించారని అమెరికా ప్రతినిధుల సభ ఉపసంఘం 2021లో వెల్లడించింది. ఇప్పుడు పశువులు కరువై లాభం తగ్గగానే, నెబ్రాస్కా రాష్ట్రంలోని లెక్సింగ్టన్‌లో సుమారు 3,200 మంది పనిచేసే ఫ్యాక్టరీని మూసివేస్తున్నట్లు టైసన్ కంపెనీ 2025 నవంబరులో ప్రకటించింది. సుమారు 11,000 జనాభా గల ఊరు అది. లాభకాలంలో కార్మికునికి వాటా లేదు. నష్టకాలంలో మాత్రం మొదటి వాటా అతనిదే.

మన ఇంటి డబ్బా

ఈ కథ అంతా పరదేశానిదే అనుకొని ఊరుకుంటే పొరపాటు. మన ఇళ్ళలోను దిగుమతి డబ్బా ఒకటి ఉన్నది. అది వంటనూనె డబ్బా. దేశం వాడే వంటనూనెలో సగానికి పైగా విదేశాల నుండి వస్తున్నది. 2022 ఏప్రిల్ 28న ఇండోనేషియా పామాయిల్ ఎగుమతిని ఆపిన నాడు మన వంటింటిలో మంట హెచ్చింది. 2024 సెప్టెంబరులో మన ప్రభుత్వం ముడి నూనెలపై సుంకాన్ని 5.5 శాతం నుండి 27.5 శాతానికి పెంచింది. 2025 మే చివర 16.5 శాతానికి తగ్గించింది. పెంచిన వార్త కొట్టుకు అదే రోజు చేరుతుంది. తగ్గించిన వార్త చేరడానికి ‘పాత స్టాకు’ అడ్డు వస్తుంది. అక్కడ మాంసానికి జరిగినదే ఇక్కడ నూనెకు జరుగుతున్నది.

ఈ పెరుగుదలను కొలిచే త్రాసు పారిశ్రామిక కార్మికుల వినియోగదారుల ధరల సూచిక. 2016ను ఆధార సంవత్సరంగా తీసుకొని 2020 సెప్టెంబరు నుండి కొత్త శ్రేణి అమలులోకి వచ్చింది. అందులో ఆహార పానీయాల వాటా 46.2 శాతం నుండి 39.17 శాతానికి తగ్గింది. కుటుంబాలు విద్యకు, వైద్యానికి, ఇంటి అద్దెకు ఎక్కువ ఖర్చు చేస్తున్నందున ఇది సహజమని అధికారులు చెబుతారు. ఆ ఖర్చులు పెరిగిన మాట వాస్తవమే. కాని వాటిని తీర్చడానికి పళ్ళెంలోనే కోత పెట్టుకున్న కుటుంబానికి ఆహారం వాటా తగ్గినట్లే కనబడుతుంది. ఆ కోతను సూచిక అభివృద్ధిగా లెక్క కట్టరాదు. తక్కువ జీతం గల ట్రాక్‌మన్, గ్రామీణ డాక్ సేవక్ ఇంటిలో తిండి ఖర్చు వాటా సగటు కంటె ఎక్కువ. కావున తిండి ధరలు మండినప్పుడు సగటు సూచిక వారి నిజమైన నష్టాన్ని పూర్తిగా చూపదు.

సూచిక పెరిగినా భత్యం దక్కుతుందన్న హామీ కూడ లేదు. 2020 జనవరి నుండి 2021 జూన్ వరకు మూడు విడతల కరువు భత్యాన్ని ప్రభుత్వం స్తంభింపజేసింది. 18 నెలలు భత్యం 17 శాతం వద్దనే నిలిచింది. 2021 జూలై నుండి రేటును 28 శాతానికి పెంచారు గాని, ఆ 18 నెలల బకాయి ఇవ్వలేదు. ఆ నెలలలో ధరలను మాత్రం ఎవరూ స్తంభింపజేయలేదు.

2025 నవంబరులో ఏర్పాటైన ఎనిమిదవ వేతన సంఘం ముందు కనీస వేతనం ప్రశ్న మరల వచ్చింది. 1957లో పదిహేనవ భారత కార్మిక మహాసభ, డాక్టర్ ఆక్రాయిడ్ సూచించిన 2,700 కేలరీల ప్రమాణంపై, మూడు వినియోగ ప్రమాణాల కుటుంబానికి అవసరాలను లెక్క కట్టి వేతనం నిర్ణయించాలని చెప్పింది. ఏడవ వేతన సంఘం కూడ ఆ సూత్రాన్నే అనుసరించినట్లు చెప్పి 18,000 రూపాయలకు వచ్చింది. సంఘాలు అదే సూత్రంతో 26,000 అడిగాయి. సూత్రం ఒకటే అయినప్పుడు అంత తేడా ఎందుకు వచ్చింది? సరుకుల ధరలు ఎక్కడివి తీసుకున్నారు, ఏ నాణ్యతవి తీసుకున్నారు అన్న దగ్గరనే తేడా. అనగా వివాదం సూత్రంపై కాదు, బజారు చీటీపై.

కావున మన కోర్కెలు స్పష్టంగా ఉండాలి. వేతన సంఘం లెక్కకు తీసుకునే ధరలు ఉద్యోగులు నిజంగా కొనే కొట్ల నుండి, సంఘాల ప్రతినిధుల సమక్షంలో సేకరించాలి. సూచిక కొరకు సేకరించిన ధరలు కేంద్రం వారీగా, సరుకు వారీగా అందరికీ అందుబాటులో ఉండాలి. డబ్బా తూకం తగ్గించి ధర నిలిపితే దానిని ధర పెరుగుదలగానే లెక్కించాలి. నిత్యావసర సరుకులపై సుంకం తగ్గించినప్పుడు ఆ తగ్గింపు కొనేవానికి చేరినదో లేదో చూసే బాధ్యత ప్రభుత్వానిదే కావాలి. ప్రతి శాఖ కూడ తన కాలనీలో పది సరుకుల ధరలను ప్రతి నెలా వ్రాసి ఉంచాలి. ఈ పని మనకంటె బాగా చేయగలవారు దేశంలో ఎవరున్నారు?

ధరలు వానవలె ఆకాశం నుండి పడవు. వాటి వెనుక కరువు ఉంటుంది, రోగం ఉంటుంది, సుంకం ఉంటుంది. వీటన్నింటి చాటున లెక్కల పుస్తకం పట్టుకొన్న ఒక చేయి కూడ ఉంటుంది. తొంభై ఏళ్ళ క్రితం అర్జెంటీనాలో ఆ పుస్తకాన్ని మాంసం డబ్బాల పెట్టెలో దాచారు. నేడు దానిని వ్యాపార రహస్యం అన్న పేరుతో దాస్తున్నారు. పెట్టె మూత తెరిచి లెక్క చూపమని అడగడం శ్రామికుని హక్కు. ఆ హక్కును వేతన సంఘం ముందు, ఆధారాలతో, ఐక్యంగా వినిపించుదాం.